రెండు నోళ్ల కంబళి

మా పాప ఏడుపు వీధిలో అందరికీ తెలుసు. పుట్టిన రోజే నర్సు చెవులు మూసుకుని, "ఇది పిల్ల కాదమ్మా, రైలు కూత" అన్నది. అప్పటినుంచి మా అమ్మ దాన్ని కూతమ్మ అని పిలిచేది. పాలు ఒక్క క్షణం ఆలస్యమైతే చాలు, ఎదురింటివాళ్లు కిటికీలోంచి తల బయట పెట్టి, "పాపం, పట్టండమ్మా ఆ పాలేవో" అనేవారు.

నేను పరుపులు కుట్టేవాణ్ణి. ఆ ఏడు గుట్ట మీద, సూర్యుణ్ణి పరిశీలించే కేంద్రంలో పని దొరికింది. ఒక గదికి గోడల నిండా దళసరి ఉన్ని కంబళి పరిచి కుట్టాలి. బయటి చప్పుడు చీమంత కూడా లోపలికి రాకూడదు. ఆ గదిలో పనిచేసే పెద్దావిడను అక్కడివాళ్లు వెనకాల ఎండమ్మ అనేవారు. ఆ సంగతి ఆవిడకూ తెలుసు.

"ఇంత ఉన్నెందుకమ్మా? లోపల ఏం దాస్తారు?" అని అడిగాను.

"దాచేదేం లేదయ్యా. వింటాం. సూర్యుణ్ణి."

"ఎండకి చప్పుడుంటుందా?"

"చప్పుడు ఇక్కడిదాకా రాదు. కాగే పాలమీద మీగడ ఊగినట్టు అక్కడి పైపొర లేస్తూ పడుతూ ఉంటుంది. ఆ ఊగుడును కొలిచి, వేల రెట్లు వేగం పెంచితే చెవికందుతుంది. ఇదిగో, విను."

హెడ్‌ఫోన్లు నా చెవులకు తగిలించింది. పెద్ద కాగులో తుమ్మెద తిరుగుతున్నట్టు ఒక రొద. కాసేపటికి ఒకచోట ఆ రొద సన్నబడిపోయింది.

"అక్కడ మచ్చ ఉంది," అన్నది ఎండమ్మ. "దిండు గలేబు గొట్టంలా ఉంటుంది చూడు, అలా అయస్కాంత బలం ఒక గొట్టమై లోపల్నుంచి తేలుతుంది. ఒకచోట పైకి పొడుచుకొచ్చి, వంగి, ఇంకోచోట లోపలికి దిగిపోతుంది. అందుకే మచ్చలు సాధారణంగా జంటగా ఉంటాయి. ఒక గొట్టానికి రెండు నోళ్లన్న మాట. కింద మరిగే వేడిని పైకి రానివ్వదు కాబట్టి అక్కడ చల్లగా ఉంటుంది, మనకు నల్లగా కనపడుతుంది. దాని దగ్గరికెళ్లిన చప్పుడులో సగం దాకా తిరిగి రాదు. మింగేస్తుంది."

"మింగి ఏం చేసుకుంటుంది?"

"గొట్టం వెంట పోతుంది. ఆ తర్వాత ఏమవుతుందో ఇంకా వెతుకుతున్నాం. అది తేలిన రోజు ఈ హెడ్‌ఫోన్లు పీకేసి హాయిగా నిద్రపోతాను."

ఆవిడ పని ఒక్క పూటా ఆగేది కాదు. నేను కుడుతున్నన్నాళ్లూ స్పీకరులో సూర్యుడు మోగుతూనే ఉన్నాడు. కంబళి బట్ట తాను ఆ స్పీకరు పక్కనే చుట్టగా పడి ఉండేది. చివరి ముక్క స్పీకరు వెనక గోడకు కత్తిరించాక ఇంకా కొంత మిగిలింది. "మాకెందుకు, పట్టుకుపో" అన్నది ఆవిడ. భుజాన వేసుకుని గుట్ట దిగాను.

మా ఇంటి వెనక గది గోడకు అవతల పిండిమర. పగలంతా గోడ అదురుతూనే ఉంటుంది. ఆ మూలన కంబళి పరిచి మేకులు కొట్టాను. చప్పుడు తగ్గడమే కాదు, ఎండల్లో కూడా ఆ మూల చల్లగా ఉండసాగింది. పాప తొట్టెను అక్కడికి జరిపాం.

"ఈ బుద్ధి పెళ్లైన కొత్తలోనే వచ్చుంటే నేనూ కాస్త నిద్రపోయేదాన్ని," అన్నది నా భార్య.

పాప కూడా మారిపోయింది. తొట్టెలో వేస్తే ఇక కిక్కురుమనదు. మా అమ్మ గొప్పలు పోయింది. "కూతమ్మ కాస్తా మౌనమ్మ అయింది. అంతా నా చేతి చలవ."

"మీ చేతి చలవైతే మీ అబ్బాయికి ఇన్నేళ్లొచ్చినా నోరు పెగలదేం అత్తయ్యా?"

"వాడి నోరు కూడా నువ్వే తీసుకున్నావు కదమ్మా, ఇంకెక్కడ పెగులుతుంది?"

ఇద్దరూ నవ్వారు. నేను పాపను చూస్తున్నాను. కళ్ల కొసలనుంచి చెవుల దాకా తెల్లటి చారలు ఎండి ఉన్నాయి. వేలితో తుడిచి నాలిక మీద పెట్టుకున్నాను. ఉప్పగా ఉంది.

"చెమటలే," అన్నది నా భార్య.

ఎత్తుకున్నప్పుడు పాప చేసే చిన్న చిన్న చప్పుళ్లు బొంగురుగా వచ్చేవి. పళ్లొస్తున్నాయేమో అన్నది మా అమ్మ. ఆ మాట నాకు మింగుడు పడలేదు.

ఒకనాడు ఎండమ్మ కబురు చేసింది. వెళితే విసుగ్గా ఉన్నది.

"ఏం పని చేశావయ్యా! గోడలో పిల్లి దూరినట్టుంది. కొన్ని వారాలుగా సూర్యుడి వెనకాల అరుపు. రోజూ కూర్చుని దాన్ని యంత్రంతో తుడిచేసి, మిగిలింది వింటున్నాను. ఆ స్పీకరు వెనక కంబళి విప్పి చూడు."

స్పీకరు కట్టేసింది. అరుపు ఆగలేదు. కంబళికి చెవి ఆనించాను. ఉన్ని చల్లగా తగిలింది. లోపల ఎక్కడో, బావి అడుగునుంచి వచ్చినట్టు, ఒక గొంతు. కాస్సేపు ఏడ్చి, ఎక్కిళ్లు మింగి, మళ్లీ అందుకుంటోంది. ఆ మింగడం నేను ఎరుగుదును.

"పిల్లి కాదమ్మా," అన్నాను. "మా పాప."

ఎండమ్మ నవ్వబోయి నా మొహం చూసి ఆగింది. అంతలో ఆ ఏడుపు మారింది. ఎవరో పీక పట్టుకున్నట్టు గురగురమని సన్నబడుతోంది.

గుట్ట ఎలా దిగానో తెలియదు. మిట్టమధ్యాహ్నం. వెనక గది గడపమీద నా భార్య కూర్చుని బఠాణీలు ఒలుస్తోంది. నన్ను చూసి పెదవులమీద వేలు పెట్టింది.

"ష్! ఇప్పుడే పడుకుంది."

ఆమెను దాటి లోపలికి పోయాను. పక్కబట్ట పాప మెడకు చుట్టుకుని ఉంది. మొహం వంకాయ రంగుకు తిరిగింది. నోరు అంగిలి కనపడేంతగా తెరిచి ఉంది. గొంతులో నరాలు ఉబ్బి ఉన్నాయి. చప్పుడు మాత్రం లేదు. "పాపా" అని అరుస్తూ వంగాను. నా అరుపు కూడా తల ఆ మూలలోకి పోయేసరికి దీపం ఆర్పినట్టు ఆగిపోయింది.

బట్ట లాగేసి, పిల్లను ఎత్తుకుని వెనక్కి అడుగు వేశాను. ఆ అడుగులో, ఎవరో తలుపు తెరిచినట్టు, ఏడుపు పుట్టింది. బొంగురు పోయి, చీరుకుపోయి ఉంది.

బఠాణీలు గదంతా దొర్లాయి. "నేనిక్కడే ఉన్నాను," అన్నది నా భార్య. "ఇక్కడే కూర్చున్నాను. చెవి ఇటే పెట్టుకునున్నాను." ఆ రోజంతా అదే మాట.

కంబళి మేకులతో సహా ఊడబెరికి పెరట్లో పడేశాను. మూల మళ్లీ అదరసాగింది. అంతటితో పీడ వదిలిందనుకున్నాం.

వదలలేదు. పాప ఏడవడం మానేసింది.

ఆకలైతే మా మొహాలవైపు చూసేది. పడి నుదురు బొప్పి కట్టినా చూసేది. మా అమ్మ పాలసీసా చూపించి దాచింది. పాప ఆ చెయ్యి చూసి, తల తిప్పుకుంది. డాక్టరు నోట్లో లైటు వేసి చూసి గొంతు బాగానే ఉందన్నాడు.

"ఏడ్చి ఏడ్చి లాభం లేదనుకుంది," అన్నది నా భార్య. "నొప్పొచ్చినా చెప్పదు. జ్వరమొచ్చినా చెప్పదు. మనం చూడని క్షణంలో ఏదైనా అయితే? ఎంతసేపని రెప్ప వెయ్యకుండా చూస్తానండీ?" ఆమె కళ్లు ఎర్రగా వాచి ఉన్నాయి. రెప్ప వేస్తే భయమని నీళ్లు చల్లుకుంటోంది.

మళ్లీ గుట్ట ఎక్కాను. స్పీకరు వెనక కంబళి అప్పటికే విప్పించి, మడిచి, ఎదురుగా పెట్టుకుని కూర్చున్నది ఎండమ్మ.

"దీంట్లో ఇప్పుడేం లేదు," అన్నది. "వచ్చిందంతా రోజూ నేనే తుడిచేశాను. పిల్లి అనుకుని." కంబళి మీద చెయ్యి పెట్టి అడిగింది: "పాప ఎలా ఉంది?"

చెప్పాను. ఆవిడ కళ్లద్దాలు తీసి తుడుచుకుంది.

"నేను విన్నది సగమేనయ్యా. మిగతా సగం ఈ రెండు ముక్కల నోళ్ల మధ్యనే ఉండి ఉంటుంది. అక్కడ, సూర్యుడి మీద, రెండు గొట్టాలు ఒరుసుకుంటే తెగి మళ్లీ అతుక్కుంటాయి. అప్పుడు దాచుకున్నదంతా ఒక్క ఊపున బయటపడుతుంది. ఆ మంటల్లో మన భూమి లాంటివి ఎన్నో మునిగిపోతాయి. కంబళి సంగతి నాకు తెలియదు. తెలుసునని అబద్ధమాడలేను."

ఆ ముక్కను నా చేతుల్లో పెట్టింది. "ఏం చేసినా పిల్లను దగ్గర ఉంచకు."

పెరట్లో ఎండలో రెండు ముక్కలూ పరిచాను. కోసిన అంచులు ఎదురెదురుగా పెడితే పోగుకు పోగు సరిపోయింది. పరుపు సూదిలో దారం ఎక్కించి కుట్టసాగాను. ఎండ మాడుతోంది, చేతులు మాత్రం జివ్వుమంటున్నాయి. కుట్టు దగ్గర పడేకొద్దీ పిండిమర చప్పుడు దూరమైంది. కాకుల నోళ్లు కదులుతున్నాయి, అరుపు వినిపించదు. చివరి కుట్టు వేసి దారం బిగించాను.

కంబళి ఏడ్చింది.

ఒక ఏడుపు కాదు. ఆకలి ఏడుపు, తడిసిన ఏడుపు, భయం వేసిన ఏడుపు, తల్లి కోసం ఏడుపు, ఒకదాని మీద ఒకటి. పెంకులు అదిరాయి. మా అమ్మ వంటగది తలుపు పట్టుకుని నిలబడిపోయింది. నేను చెయ్యి అడ్డం పెట్టి వద్దంటున్నా, నా భార్య పాపను చంకనేసుకుని నేరుగా కంబళి దగ్గరకు వచ్చింది.

పాప తల వంచి విన్నది. చాలాసేపు విన్నది. కింది పెదవి ముందుకు వచ్చింది. గడ్డం వణికింది. తర్వాత నోరు తెరిచి, ఆ గొంతులన్నిటినీ దాటుకుని, తన గొంతు ఎత్తింది.

ఎదురింటివాళ్లు కిటికీ తెరిచారు. ఈసారి పాలు పట్టండని అనలేదు. మేమూ ఊరుకోమ్మా అనలేదు. ఏడ్చి ఏడ్చి, అలిసి, పాప తల్లి భుజం మీద నిద్రపోయింది.

కంబళి ఇంకా ఏడుస్తూనే ఉంది. ఎక్కిళ్లు మింగి, మళ్లీ అందుకుంటోంది. సూది పట్టుకుని అలాగే నిలబడ్డాను. నా భార్య వంగి, దాన్ని రెండో భుజం మీదికి ఎత్తుకుంది. ఎండలో అటూ ఇటూ నడుస్తూ, అది కూడా ఊరుకునేదాకా, మెల్లగా వీపు తట్టినట్టు తడుతూ ఉంది.