ప్రేమానందం కుడిచెయ్యి

ప్రేమానందం పేరు మీరు టీవీలో చూసే ఉంటారు. చూడలేదా? మీ తప్పేం లేదు లెండి. ప్రోగ్రాం అయిపోగానే పనిచేసినవాళ్ళ పేర్లన్నీ తెరలో ఓ మూలకి నెట్టి, మిగతా జాగాలో పిజ్జా ప్రకటన వేస్తారు. ఆ మూల చీమలబారులా పోయే పేర్లలో ఎడిటర్ అంటే ఇతనే. షికాగోలో పన్నెండేళ్ళుగా నేరాల డాక్యుమెంటరీలు ఎడిట్ చేస్తున్నాడు. భార్య పర్సిస్ తప్ప ఆ పేరు చదివిన నరమానవుడు లేడు. ఆవిడైనా టీవీని ఆపి, కళ్ళజోడు పెట్టుకుని చదవాల్సిందే.

అయితే నెలకోసారి, ఊరి పక్కనున్న అరోరా తెలుగు చర్చిలో మాత్రం అతనిదే రాజ్యం. మొదటి ఆదివారం ప్రభుబల్ల దగ్గర, క్రీస్తు రక్తానికి గుర్తుగా ఇచ్చే ద్రాక్షరసపు చిన్నగ్లాసుల ట్రే పట్టుకుని వరస వరసకీ తిరిగేది అతనే. పాలకొల్లులో వాళ్ళ నాన్న నలభై ఏళ్ళు చేసిన సేవ అది.

2004లో ఓ ప్రోగ్రాంకి ఒక్క షాట్ తక్కువైంది. హంతకుడి చెయ్యి తలుపు తియ్యాలి. డైరెక్టర్ వేరే ఊరు వెళ్ళిపోయాడు, తెల్లారితే టెలికాస్ట్. ప్రేమానందం స్టోర్‌రూమ్ ముందు కెమెరా నిలబెట్టి తన కుడిచేత్తోనే తలుపు తీశాడు. వహ్వా, ఏం తీసింది ఆ చెయ్యి! ఇక చూసుకోండి, కాఫీలో విషం కలపాలన్నా, గొయ్యి తవ్వాలన్నా అదే చెయ్యి. తొమ్మిదేళ్ళలో ముప్ఫైఏడు హత్యలు చేసింది.

ఆ చర్చికే వచ్చే మణిగారు రిటైరైన నర్సు. ప్రార్థన ముగించి ఆవిడ చూసేది నేరాల చానెలే. 2013లో ఓ ఆదివారం ట్రే ముందుకు రాగానే ఆవిడ చూపు అతని వంకర చిటికెనవేలి మీద పడింది. కాలేజీలో వాలీబాల్ ఆడుతూ విరగ్గొట్టుకున్న వేలది. ఆవిడ తన చెయ్యి వెనక్కి లాక్కున్నారు.

"మొన్న ఆ డెంటిస్టు గొంతు నులిమింది ఈ చేత్తోనేగా, బాబూ?"

ఆవిడకి చెవుడు, అందుకని గుసగుస కూడా చర్చంతా వినపడుతుంది. వెనక వరసలవాళ్ళు ఆ వేలినే చూస్తూ గ్లాసులందుకుని, ఎన్నడూ లేనంతసేపు కళ్ళు మూసుకుని ప్రార్థించారు.

సంఘ పెద్దలు కూర్చున్నారు. నటనేనని అందరికీ తెలుసు, అయినా మనసొప్పదే! ఒకాయన ఎడమచేత్తో ఇవ్వమన్నాడు. ప్రభుబల్ల ఎడమచేత్తోనా అని మిగతావాళ్ళు నాలిక కరుచుకున్నారు. పాస్టరుగారి భార్య తెల్ల గ్లౌజులు కొనుక్కొచ్చారు. గ్లౌజులైతే వేలిముద్రలు కూడా దొరకవని మణిగారు అభ్యంతరం చెప్పారు. ట్రే శ్యామ్‌సుందర్ అనే ఇంకో సభ్యుడి చేతికి పోయింది.

ప్రేమానందం కార్లో కూర్చుని ఏడ్చాడు. పోనీలెండి, ట్రేనే కదా అంది పర్సిస్.

"ట్రే కాదు పర్సిస్. నన్ను నలుగురు చూసేది అక్కడొక్కచోటే."

మూడోనెల పాస్టరుగారే ఇంటికొచ్చారు. రెండు కప్పుల టీ తాగాక విషయానికొచ్చారు.

"బ్రదర్, ఆ రోజు జనం ప్రార్థించినట్టు నా ఇరవయ్యేళ్ళ సేవలో చూడలేదు. ఇప్పుడు మళ్ళీ ఆవలిస్తున్నారు. మీరొచ్చి ట్రే పట్టండి. గ్లౌజులొద్దు, ఆ వేలు కనపడాలి."

హవ్వ, హంతకుడి చెయ్యని తీసేసి, హంతకుడి చెయ్యనే మళ్ళీ పిలుస్తారా! అనుకున్నాడు ప్రేమానందం. అనుకుంటూనే చొక్కా ఇస్త్రీ చేసుకున్నాడు.

ఆ ఆదివారం చర్చిలో ఒక్కరు ఆవలిస్తే ఒట్టు. మూడేళ్ళుగా మాటల్లేని బావాబావమరుదులు ట్రే ఇంకా రెండు వరసల అవతలుండగానే సమాధానపడిపోయారు. మణిగారు గ్లాసు తీసుకుని చాలాసేపు ప్రార్థించారు. తరవాత తలెత్తి చెయ్యి కాదు, ముఖం చూశారు.

"పదేళ్ళ నుంచీ ఇస్తున్నావు, అందరూ చెయ్యి చెయ్యి అంటారే గానీ... నీ పేరేంటి, బాబూ?"

ప్రేమానందం పేరు చెప్పాడు. ఆవిడకి వినపడలేదు. మళ్ళీ చెప్పాడు, ఈసారి గట్టిగా, చర్చంతా వినేటట్టు.