కొండదారి కెమెరాలో గేదె

ఏ దారి ఎలా ఉందో, ఎక్కడ బండ్లు ఆగిపోయాయో రోడ్డు పక్కన పెట్టిన కెమెరాలతో ఫోన్‌లో చూపించే యాప్ మాది. నేను ఆ యాప్ సహాయ కేంద్రంలో పని చేస్తాను. సహాయం అంటే పెద్దగా ఏమీ లేదు. ఎవరు ఏ బాధ చెప్పుకున్నా "యాప్ ఒకసారి మూసి తెరవండి" అంటాను. తగ్గకపోతే తీసేసి మళ్ళీ వేసుకోమంటాను. ఆ రెండింటికీ లొంగని జబ్బయితే అది ఇంజనీరు గారి వంతు. ఆయన కూడా ఉన్నవన్నీ ఆపి మళ్ళీ పెట్టడం తప్ప ఇంకేమీ చేయరు కాబట్టి ఆఫీసులో అందరం ఆయన్ని రీస్టార్ట్ గారు అంటాం. ఆయన ఎదురుగా కాదులెండి.

ఆ రోజు పొద్దున కుర్చీలో సర్దుకుని కూర్చోకముందే ఫోన్ మోగింది. ఎవరో పెద్దాయన.

"అమ్మా, కొండదారి కెమెరాలో గేదె పడుకుని ఉంది. ఎంతసేపు చూసినా కదలడం లేదు."

"బొమ్మ ఆగిపోయి ఉంటుంది సార్. యాప్ ఒకసారి మూసి తెరవండి."

మూసి తెరిచాడు. గేదె ఉంది. తీసేసి మళ్ళీ వేసుకోమన్నాను. కాసేపటికి మళ్ళీ ఫోన్ చేశాడు.

"వేసుకున్నానమ్మా. ఇప్పుడు గేదె ఇంకా స్పష్టంగా కనిపిస్తోంది."

ఆ తర్వాత వరసపెట్టి అదే ఫిర్యాదు. నేనూ తెరిచి చూశాను. సన్నటి దారి, ఒకపక్క కొండ, ఇంకోపక్క పిట్టగోడ, మధ్యలో అడ్డంగా గేదె. మా కెమెరాలు వీడియో చూపించవు, కొన్ని నిమిషాలకొక ఫొటో పంపుతాయి. ఏ ఫొటో చూసినా అదే గేదె, అదే పడక. ఒక్క బండి వచ్చింది లేదు, పోయింది లేదు. ఫొటో మూలన టైము చూద్దామంటే ఆ కెమెరా గడియారం పాడై చాలా రోజులైంది. రీస్టార్ట్ గారు వచ్చి అన్నీ ఆపి, మళ్ళీ పెట్టి చూశారు. దున్నపోతు మీద వాన కురిసినట్టే అయింది.

"కెమెరా పాత ఫొటోనే మళ్ళీ మళ్ళీ పంపుతోంది. ఇందులో సందేహమే లేదు," అని తేల్చేసి ఆయన టీకి వెళ్ళిపోయారు.

సరిగ్గా అప్పుడే పిన్ని ఫోన్ చేసింది. మా పిన్ని ఇంట్లో కేకులు చేసి అమ్ముతుంది. ఇన్నాళ్ళూ ఇరుగుపొరుగు పిల్లల పుట్టినరోజులే ఆమె వ్యాపారం. మొదటిసారి కొండ అవతలి పెద్ద హోటల్ నుంచి మూడంతస్తుల కేకు కావాలని అడిగారు. మధ్యాహ్నం విందుకు ముందే కేకు చెక్కుచెదరకుండా చేరితే ఇక అక్కడి విందులన్నిటికీ ఆమే చేయాలి. చేరకపోతే మళ్ళీ పిలవరు. ఈ ఆర్డరు వచ్చినప్పటి నుంచి పిన్నికి నిద్ర లేదు, బాబాయికి తిండి లేదు.

"కొండదారిలో గేదె కనిపిస్తోందేమిటే? చుట్టుదారిలో వెళ్దామంటే అడుగడుక్కీ గుంతలు. కేకు కాస్తా ముద్దయి కూర్చుంటుంది," అంది.

"అది పాత ఫొటో పిన్నీ. అక్కడ గేదె లేదు, దూడ లేదు. హాయిగా కొండదారిలోనే వెళ్ళు."

"నిజంగా అంటున్నావా?"

"నా ఉద్యోగమే ఇది కదా," అన్నాను. ఎంత ధీమాగా అన్నానో తలుచుకుంటే ఇప్పటికీ సిగ్గేస్తుంది.

ఇంకో నలుగురి చేత యాప్ మూయించి తెరిపించాక తెర వైపు చూశాను. గేదె అలాగే ఉంది. దాని ముందు పిన్ని తెల్ల వ్యాను కూడా ఉంది, పక్కన గీయించిన గులాబీ రంగు కేకు బొమ్మతో సహా. పాత ఫొటోలోకి పిన్ని ఎలా వచ్చింది? వెంటనే ఫోన్ చేశాను.

"పిన్నీ, ఎక్కడున్నావు?"

"నీ పాత ఫొటో ముందున్నాను. తోక ఊపుతోంది."

అప్పుడు వెలిగింది నాకు. కెమెరాకు ఏ రోగమూ లేదు. జనమంతా పొద్దున్నే యాప్‌లో గేదెను చూసి, నాకు ఫోన్ చేసి విసుక్కుని, బుద్ధిగా చుట్టుదారి పట్టారు. అందుకే ఒక్క బండీ రాలేదు. బండ్లు రాలేదు కాబట్టి గేదెకు లేవాల్సిన పని పడలేదు. గేదె లేవలేదు కాబట్టి మేము కెమెరా పాడైందన్నాం. మా యాప్ పుట్టిన దగ్గర్నుంచి ఇంత చక్కగా పనిచేసిన రోజు లేదు. ఊరందరిదీ ఒక దారి అయితే మా పిన్నిని ఉలిపికట్టెను చేసి ఇంకో దారిన పంపింది నేను.

"వెనక్కి తిప్పుకుని వచ్చెయ్యలేవా?"

"ఇంత ఇరుకులో తిప్పితే కేకూ నేనూ కలిసి లోయలోకే. ఫోన్ పెట్టెయ్."

ఆ తర్వాత జరిగిందంతా ఫొటోల్లోనే చూశాను. ఒకదాంట్లో పిన్ని నడుం మీద చేతులు పెట్టుకుని గేదెను మందలిస్తోంది. తర్వాతి దాంట్లో వెనకనుంచి తోస్తోంది. ఆ తర్వాతి దాంట్లో అలిసిపోయి దాని పక్కనే కూర్చుంది. ఇద్దరూ కలిసి బస్సు కోసం చూస్తున్నట్టున్నారు.

రీస్టార్ట్ గారు టీ కప్పుతో నా వెనక చేరి, "ఆవిడను వ్యాను ఒకసారి ఆపి మళ్ళీ స్టార్ట్ చేయమనండి," అన్నారు. నేను చూసిన చూపుకు మళ్ళీ టీకి వెళ్ళిపోయారు.

నాకు ఏడుపొచ్చింది. ఎన్నాళ్ళకో వచ్చిన అవకాశం, నా నోటి తొందర వల్ల నడిరోడ్డు మీద కూలబడింది. అంతలో ఇంకో ఫొటో వచ్చింది. పిన్ని వ్యాను తలుపు తీసి, అన్నిటికన్నా పైన పెట్టాల్సిన చిన్న అంతస్తు పెట్టెను బయటికి తెచ్చింది. "వద్దు పిన్నీ," అన్నాను తెరతో. తర్వాతి ఫొటోలో గేదె లేచి నిలబడి ఉంది. కేకు చేత్తో పట్టుకుని పిన్ని వెనక్కి నడుస్తోంది, గేదె మూతి చాచి వెంట వస్తోంది. ఆ తర్వాతి ఫొటోలో గేదె లేదు, వ్యానూ లేదు, దారి ఖాళీ.

మధ్యాహ్నం దాకా నాకు అన్నం సయించలేదు. చివరికి పిన్ని నా ఫోన్‌కు కాకుండా సహాయ కేంద్రం నంబరుకే చేసింది. ఆ నంబరుకు వచ్చే మాటలన్నీ రికార్డవుతాయి, మా మేనేజరు గారు కూర్చుని వింటారు కూడా.

"హోటల్ వాళ్ళు ఏమన్నారు పిన్నీ?"

"కేకు ఎక్కడిదాకా వచ్చిందో చూద్దామని హోటల్ యజమాని యాప్ తెరిచాడట. వంటవాళ్ళు, విందుకొచ్చిన వాళ్ళు అందరూ ఆ ఫోన్ చుట్టూ మూగారు. నేను వెళ్ళేసరికి ఒకటే చప్పట్లు. మూడో అంతస్తు ఏదని ఒక్కరూ అడగలేదు. గేదెను లేపిన కేకు ఏదో అదే కావాలని వచ్చే విందుకు చెప్పేశారు."

నాకు పోయిన ప్రాణం లేచి వచ్చింది. "తప్పంతా నాదే పిన్నీ."

"ఆ సంగతి చెప్దామనే ఈ నంబరుకు చేశాను. ఫిర్యాదు రాసుకో."

"చెప్పండి," అన్నాను అలవాటు కొద్దీ.

"మీ యాప్ బాగానే ఉంది. కెమెరా బాగానే ఉంది. ఈసారి ఎవరైనా గేదె ఉందని చెప్తే ముందు నీ కళ్ళు ఒకసారి మూసి తెరువు. అప్పటికీ కనిపిస్తే, అక్కడ గేదె ఉన్నట్టే."