జాస్ ఫియరన్ కాళ్లు

మా ఊరు క్రాస్‌బెక్‌లో నాకు పేరుంది. చేపలు కొనడానికి వెళ్తే ముక్క ఎక్కువ వేస్తారు. పబ్బులో గోడకు నా ఫొటో వేలాడుతోంది, బంతి చంకలో పెట్టుకుని గాల్లో ఎగురుతున్నాను అందులో. ఆ ఫొటో అడుగున, మూలగా, బురదలో ఒక వీపు కనిపిస్తుంది. ఆ వీపు మీద ముగ్గురు మనుషులు పడి ఉంటారు. ఎవరూ దాని వంక చూడరు. అది జాస్ ఫియరన్ వీపు. సొమ్మొకడిది సోకొకడిది అంటారే, అది మా ఇద్దరి గురించే.

నేను హాఫ్‌బ్యాక్‌ని, ముందువాళ్ల వెనక నిలబడి బంతి అందుకునేవాణ్ని. పొట్టివాణ్ని, నోటి దురుసు ఎక్కువ, వేళ్ల చురుకు కూడా ఎక్కువే అనుకోండి. జాస్ ప్రాప్, అంటే రెండు జట్లూ తలలు ఆనించి నెట్టుకునే స్క్రమ్‌లో ముందు వరస మనిషి. మా రగ్బీ లీగ్‌లో ముందు వరసవాడి పని చెప్పడానికి ఒక్క వాక్యం చాలు. బంతి పుచ్చుకుని, తల వంచి, ఎదుటి జట్టులో అందరికన్నా పెద్దవాళ్లు ఎక్కడున్నారో అక్కడికే పరిగెత్తాలి. వాళ్లు పడేస్తారు. పడ్డవాడు లేచి, బంతిని నేల మీద పెట్టి, కాలితో వెనక్కి దొర్లించాలి. వెనక నేనుంటాను. ముగ్గురు అతని మీద పడ్డారు కదా, ఆ ముగ్గురూ ఉండాల్సిన చోటు ఖాళీ. అందులోంచి నేను దూరిపోతాను. మర్నాడు పేపర్లో నా ఫొటో.

జనం అతను ఢీకొట్టడం చూసి కేకలు వేసేవాళ్లు. నేను చూసేది అతను లేవడం. మీద పడ్డవాళ్లు ఊరికే వదలరు. ఒకడు మోచేత్తో మెడ నొక్కుతాడు, ఒకడు మొహాన్ని బురదలోకి అదుముతాడు, ఇంకొకడు లేస్తున్నట్టు నటిస్తూ మళ్లీ పడుకుంటాడు. వాళ్లందరి కిందనుంచి ముందు ఒక మోకాలు కదిలేది. తర్వాత రెండోది. చలికాలం పొద్దున్న దుప్పట్లు తోసుకుని లేచినట్టు, ముగ్గుర్నీ తోసుకుని లేచేవాడు. కోపం లేదు, తిట్టు లేదు. కొంచెం దూరంలో మళ్లీ అదే పని. ముక్కు ఏ వైపుకు వంగిందో ప్రతి ఏడాదీ కొత్తగా చూసుకోవాల్సి వచ్చేది. సోమవారం పొద్దున్న ఆ మొహంతోనే ఉక్కు ఫ్యాక్టరీ పనికి పోయేవాడు. నేను అంతకాలం వెనక నుంచి చూసీ చూసీ కూడా ఆ లేవడానికి అలవాటు పడలేదు.

అతని మొదటి ఆట సంగతి ఊరంతా చెప్పుకుంటుంది. ముక్కు పగిలి, కళ్లు తేలేసి పడి ఉంటే స్ట్రెచర్ తెచ్చారట. అప్పటి మా పెద్ద ప్రాప్ విల్ఫ్ డేకర్ దానికి అడ్డం నిలబడ్డాడట.

"ఏరా, పెళ్లికొడుకువా పల్లకీ ఎక్కడానికి? లే! ఆ స్ట్రెచర్లు అంచున పరిగెత్తే వింగర్లకి. ముందు వరసవాడు సొంత కాళ్ల మీద వచ్చాడా, సొంత కాళ్ల మీదే పోవాలి."

జాస్ లేచాడు. నడిచి బయటికి పోయాడు. ఆ రోజునుంచి ఎన్ని విరిగినా, ఎన్ని చిరిగినా, ఒక్కసారి కూడా ఎవరూ అతన్ని మోసుకుపోలేదు. ఇది ఎక్కడా రాసిన నియమం కాదు. మిగతా మేమంతా దాన్ని చూసి నవ్వేవాళ్లం. ముందు వరసవాళ్లు మాత్రం, ఏ ఊరివాళ్లయినా, నవ్వేవాళ్లు కాదు.

అతని భార్య మేవిస్ ప్రతి ఆటకూ వచ్చేది, గ్యాలరీలో మాత్రం కూర్చునేది కాదు. ఆటగాళ్లు బయటికి వచ్చే సొరంగం గేటు దగ్గర, కోటు బొత్తాలన్నీ పెట్టుకుని నిలబడేది. ఒకసారి అడిగాను, "వదినా, అక్కణ్నుంచి నీకేం కనిపిస్తుంది?" అని.

"మీ ఆట ఎవడిక్కావాలయ్యా? నేను చూసేది ఆయన కాళ్లు. నడిచొస్తే ఇంటికెళ్లి కూర వేడి చేస్తా. అంతే నా లెక్క."

ఒక ఏడు జాస్ ఇంక ఆట మానేస్తున్నానని చెప్పాడు. మెట్లు దిగాలంటే వెనక్కి తిరిగి దిగే స్థితికి వచ్చాడు, మోకాళ్లు ముందుకు వంగనన్నాయి. ఆఖరి ఆట పెనింగ్లీ జట్టుతో, మా మైదానంలోనే. ఓడితే మా క్లబ్బు కింది డివిజన్‌కి దిగిపోతుంది. బట్టలు మార్చుకునే గదిలో అతని పక్కన కూర్చుని బూట్ల తాళ్లు కట్టుకుంటున్నాను.

"బుడంకాయ్," అన్నాడు. నన్ను అలాగే పిలిచేవాడు. "నాకు ఒక్కటే కోరికరా ఇయ్యాల. నడిచి బయటికెళ్లాలి. మేవిస్ చూస్తుండగా."

"గెలవాలని లేదేంటి?"

"అది నీ పని కదా. ఫొటోలేసేది నీకేగా!"

వాన. సముద్రం మీంచి గాలి. బంతి సబ్బు ముక్కలా జారుతోంది. ఆట ముగింపుకొచ్చేసరికి మాకు పది పాయింట్లు, వాళ్లకి పన్నెండు. మామూలుగా ఆ వేళకి జాస్‌కి విశ్రాంతి ఇచ్చేవాళ్లు, కానీ మాకు మార్చడానికి మనిషి మిగల్లేదు. వాళ్ల గోల్ దగ్గర బంతి అతనికే వచ్చింది. ఎదురుగా వాళ్ల ప్రాప్ గారెత్ ఆడీ, అటొకడు ఇటొకడు. ముగ్గురూ కాచుకుని ఉన్నారు. జాస్ తల వంచి వెళ్లాడు.

కుప్పగా పడ్డారు. ఆడీ ఒళ్లంతా జాస్ కాలి మీద అడ్డంగా పడింది. పెంకు విరిగిన చప్పుడు వినిపించింది. ఎవడి బూటు అడుగో ఊడిందనుకున్నాను. ఆట ముగింపు సైరన్ మోగబోతోంది. మోగేలోపు బంతి వెనక్కి దొర్లితే మాకు ఇంకొక్క అవకాశం. దొర్లకపోతే అంతా అయిపోయినట్టే.

"పడుకో పెద్దాయనా," అన్నాడు పెనింగ్లీ వాళ్లలో ఒకడు. "చాల్లే, ఇంక రెస్టు తీసుకో."

ఒక మోకాలు కదిలింది. చాలాసేపు రెండోది కదల్లేదు. తర్వాత అదీ కదిలింది. జాస్ లేచాడు. నా జన్మలో నేను అలాంటిది చూడలేదు, ఇక చూడను. నేలలోంచి ఏదో బండరాయి తనంతట తాను పైకి వస్తున్నట్టుంది. మొహం సున్నంలా తెల్లగా ఉంది. బంతి కింద పెట్టి, కాలితో వెనక్కి తోశాడు. అప్పుడు సైరన్ మోగింది.

కానీ బంతి నా చేతిలో ఉంది, కాబట్టి ఆట బతికే ఉంది. ఆ ముగ్గురూ నోరు తెరిచి అతన్నే చూస్తున్నారు. నేను వాళ్ల మధ్యలోంచి దూరి గోల్ స్తంభాల కిందే పడ్డాను. ట్రై, అంటే నాలుగు పాయింట్లు. పద్నాలుగు, పన్నెండు.

మైదానం బద్దలైంది. ఇక మిగిలింది ట్రై తర్వాత తన్నే గోల్ ఒక్కటే. దాంతో గెలుపోటములకు పని లేదు. మా ఆటలో ఒక ఆచారం ఉంది. బంతి ఎన్నడూ తన్నని ముసలి ముందు వరసవాడు ఆట మానేసే రోజున, ఆఖరి తన్ను అతని చేత తన్నిస్తారు. "జాస్! జాస్!" అని జనం అరుస్తున్నారు. నేను బంతి పుచ్చుకుని సంబరంగా అతని దగ్గరికి పరిగెత్తాను. బంతి దొర్లించిన చోటే నిలబడి ఉన్నాడు. ఏడుపు ఆపుకుంటున్నాడనుకున్నాను.

"రా పెద్దాయనా!"

"వద్దురా."

"అబ్బో, పెళ్లికూతురికి సిగ్గొచ్చింది!" అని చెయ్యి పట్టి లాగాను. అందరూ నవ్వారు. జాస్ సొరంగం వైపు చూశాడు, స్తంభాల వైపు చూశాడు. వచ్చాడు. చాలా నెమ్మదిగా వచ్చాడు. అడుగడుక్కీ జనం చప్పట్లు కొట్టారు.

"దీన్ని ఏ కాలితో తంతార్రా?" అన్నాడు బంతిని చూసి. మళ్లీ నవ్వులు. తన్నాడు. బంతి తరిమిన కోడిలా గడ్డిలో నాలుగు గెంతులు వేసి ఆగిపోయింది. ఊరు ఊరంతా పొట్టలు పట్టుకుంది. జాస్ కూడా నవ్వాడు. నవ్వుతూనే నా భుజం మీద చెయ్యి వేశాడు.

"బుడంకాయ్. కాలు ఇరిగింది."

"ఎప్పుడు?"

"ఇందాక. నువ్వు ట్రై కొట్టకముందు."

ఆ కాలి మీద లేచాడు. ఆ కాలి మీద ఇంత దూరం నడిచాడు, నేను లాగితే. ఇప్పుడు దాని మీదే నిలబడి రెండో కాలితో తన్నాడు. నాకు భయం వేసింది. గుడిలో వేసే భయం లాంటిది.

"స్ట్రెచర్ పిలుస్తా."

"పిలిస్తే చంపుతా. నా చంక కింద దూరు. మోస్తున్నట్టు కనపడకూడదు. నవ్వు."

దూరాను. బరువు దిగింది. అమ్మో! ఆ బరువు ఎప్పుడూ నాకు ముందున్నదే గానీ, నా మీద పడ్డది ఆ రోజే. నాలుగడుగులు వేశానో లేదో నా మోకాళ్లు వంగాయి. అప్పుడు గారెత్ ఆడీ వచ్చాడు. ఆ కాలి మీద పడ్డవాడు, చప్పుడు తన ఒంటి కిందే విన్నవాడు, అతనికి తెలుసు. ఏమీ అడగలేదు. "ఏం ముసలోడివయ్యా బాబూ!" అని పెద్దగా నవ్వుతూ కౌగిలించుకున్నట్టే రెండో చంక కింద దూరాడు. ముందు వరసవాడు కదా.

జనానికి ముగ్గురు మిత్రులు కనిపించారు. కంచె మీంచి వంగి జాస్ వీపు తట్టారు, టోపీలు ఊపారు. జాస్ చెయ్యెత్తి ఊపాడు. పళ్లు కొరుక్కుంటున్న చప్పుడు నాకొక్కడికే వినిపిస్తోంది.

సొరంగం దగ్గరపడగానే, "ఇంక వదలండ్రా," అన్నాడు.

వదిలాం. ఆ మిగిలిన కాసిన్ని అడుగులూ ఒక్కడే నడిచాడు. గేటు దగ్గర మేవిస్ నిలబడి ఉంది. అతని మొహం వైపు చూడనేలేదు.

"ఏ కాలు?" అంది.

"కుడి."

ఆమె గేటు తీసింది. అతను లోపలికి వచ్చాక మూసింది. మేమిద్దరం వెనకే దూరాం. జనం చూపు అందని చోటికి, గోడ చాటుకి తీసుకెళ్లి, అతని ఎదురుగా నిలబడి కోటు బొత్తాలు విప్పుకుంది, చేతులు బాగా ఆడడానికి.

"నడిచే వచ్చావు. నేను చూశాను," అంది. "ఇంక పడు."

అప్పుడు పడ్డాడు. ముగ్గురం పట్టుకున్నాం.