నూగు లేని గిలిగిచ్చ

గిలిగిచ్చ అంటే గొప్ప మొక్కేమీ కాదు. గట్ల మీదా గుట్టల మీదా ఎవరూ నాటకుండానే మొలుస్తుంది. జనుముకు దగ్గరి చుట్టం. పసుపు పూలు పూస్తుంది, ఉబ్బిన కాయలు కాస్తుంది. ఎండిన కాయను ఊపితే లోపల గింజలు గలగలమంటాయి. పిల్లలు కాసేపు ఆడుకుని పారేస్తారు. ఈ గిలిగిచ్చలనూ జనుములనూ అన్నిటినీ కలిపి శాస్త్రంలో క్రోటలేరియా అంటారు. వాటిలో జాతులు వందలకొద్దీ ఉన్నాయి. ఒకదాన్నుంచి ఇంకొకదాన్ని విడదీయాలంటే ఒక్కోసారి ఆకు చాలదు, పువ్వూ చాలదు. కాయ చూడాలి, కాయ మీది నూగు చూడాలి. ఆ నూగు దగ్గర పండితులు జుట్లు పట్టుకుంటారు. వినేవాళ్లకు నవ్వు రావచ్చు గానీ, నంద్యాల కాలేజీలో వృక్షశాస్త్రం చెప్పే నౌషాద్‌కు మాత్రం అది నవ్వులాట కాదు.

క్రోటలేరియా ఇర్షాదీ అనే మొక్కకు ఆ పేరు పెట్టింది అతనే. ఇర్షాద్ అతని తమ్ముడు. ఆళ్లగడ్డలో మోటారు సైకిళ్లు బాగుచేసేవాడు. చదువు వంటబట్టలేదు గానీ అడవంటే పడి చచ్చేవాడు. ఆదివారం వస్తే చాలు, అంగడి మూసేసి అన్న వెంట ఆత్మకూరు మీదుగా నల్లమలకు బయలుదేరేవాడు. పదేళ్ల కిందట, వానలు వెనకబట్టే రోజుల్లో, ఒక వాగు ఒడ్డున నౌషాద్‌కు పూలున్న కొమ్మలు దొరికాయి. కాయలు మాత్రం లేవు. అవతలి ఒడ్డున కాయలు కాసిన మొక్కలు కనిపిస్తున్నాయి.

"నువ్వుండన్నా, నీ కళ్లజోడు కొట్టుకపోతాది" అని నవ్వుతూ ఇర్షాద్ మోకాటి లోతు నీళ్లలో దిగి దాటాడు. కాయలు కోసి, చొక్కా జేబులో వేసుకుని, గుండీ పెట్టుకున్నాడు. తిరిగి వచ్చేటప్పుడు పైనెక్కడో కురిసిన వాన ఒక్కసారిగా వాగులోకి దిగింది. అన్న చూస్తుండగానే కొట్టుకుపోయాడు. మర్నాడు దిగువన శవమై దొరికాడు.

నలభయ్యో రోజు ఫాతిహా అయ్యాక తల్లి మాబూబీ ఒక చిన్న గుడ్డమూట నౌషాద్ చేతిలో పెట్టింది. "నీకోసరం తెచ్చినాడు నాయనా, వాని జేబులో ఉండె" అంది. విప్పి చూస్తే కాయలు. నున్నగా, ఒక్క వెంట్రుకైనా లేకుండా ఉన్నాయి. పువ్వు చూస్తే మామూలు గిలిగిచ్చే, కానీ దాని కాయకు నూగుంటుంది. నౌషాద్ ఏడుస్తూనే పుస్తకాలన్నీ తిరగేశాడు. అలాంటి మొక్క ఎక్కడా లేదు. దానికి తమ్ముడి పేరు పెట్టాడు. పెద్ద పండితులు నమూనా చూసి సరేనన్నారు. అచ్చయింది.

ఆ తర్వాతే మాబూబీ కడుపునిండా ఒక ముద్ద తినడం మొదలుపెట్టింది. పరుపు కుట్టించుకోవడానికి ఎవరు వచ్చినా, "అడివిలో మా చిన్నోని పేరుతో చెట్టుంది. పుస్తకాల్లో రాసినారు. దునియా ఉన్నన్నాళ్లూ ఉంటాదంట" అని చెప్పకుండా పంపేది కాదు. ఏటా వానలు తగ్గగానే ఫోన్ చేసి, "పూసిందా నాయనా?" అని అడిగేది.

నౌషాద్ ఏటా ఆ వాగు దగ్గరకు పోయేవాడు. మొక్కలు పూసేవి, కాసేవి. కాయలకు మాత్రం ఎప్పుడు చూసినా నూగు ఉండేది. ఇవి వేరేవేమో, అసలువి ఆ వరదలో పోయాయేమో అని తనకు తానే సర్దిచెప్పుకునేవాడు. ఇదే మాట విద్యార్థి ఎవడైనా అని ఉంటే తరగతిలోంచి బయటికి పంపేవాడు. సొంత తమ్ముడి దగ్గరికి వచ్చేసరికి ఎంత చదువుకున్నవాడికైనా చూపు ఆనదు.

ఈ ఏడు కీర్తన అనే పరిశోధకురాలు నంద్యాల వచ్చింది. రాష్ట్రంలోని క్రోటలేరియాలన్నిటినీ మళ్లీ మొదటినుంచి పరిశీలిస్తోంది. మర్యాద తెలిసిన పిల్ల. అందుకే అసలు మాట చెప్పడానికి టీ చల్లారేదాకా తంటాలు పడింది.

"సార్, ఇర్షాదీ కాయను పెద్ద మైక్రోస్కోపు కింద పెట్టి చూశాను. నూగు లేకపోవడం కాదు సార్. ఉండి, విరిగిపోయింది. మొదళ్లు కనిపిస్తున్నాయి."

ఫొటో చూపించింది. వరి కోసిన మడిలో కొయ్యకాళ్లలాగా వరసగా మొదళ్లు.

"ముదిరితే దానంతటదే రాలిపోయే రకం కావచ్చు కదమ్మా?" అన్నాడు నౌషాద్.

"కావచ్చు సార్. కోసినప్పుడే నున్నగా ఉన్నాయని మీరు చెప్పండి చాలు, అదే రాస్తాను. జాతి నిలుస్తుంది. లేదంటే పాత పేరులో కలిపేయాలి."

కలిపేయడమంటే పేరును కొట్టేయరు. ఎప్పుడో ఎవరో దొర పెట్టిన పాత పేరు కింద చిన్న అక్షరాల్లో పడేస్తారు. ఇక ఏ మొక్కనూ ఆ పేరుతో పిలవరు. అవును, నున్నగానే ఉన్నాయి అని ఒక్క మాట అనేస్తే పోయేది. ఆ మాట నాలుక చివరిదాకా వచ్చింది. కానీ కోసినప్పుడు అవి ఎలా ఉన్నాయో అతను చూడలేదు. చూసినవాడు లేడు. జేబులోంచి తీసిన మనిషి మాత్రం ఉంది. కనుక్కుని చెబుతానని ఆ అమ్మాయిని పంపేసి, మర్నాడే ఆళ్లగడ్డ బస్సెక్కాడు.

మాబూబీ వసారాలో దూది మధ్య కూర్చుని దిండ్లు కుడుతోంది. తరతరాలుగా దూదేకే ఇల్లు అది. కొడుకు చొక్కా మీద వాలిన దూదిపోగును, పలకరించడానికి ముందే, చేత్తో దులిపింది.

"ఏం నాయనా, చెప్పకుండా వచ్చినావ్? అన్నం తిన్నావా?"

"తిన్నా మా. ఒక మాట అడగనీకి వచ్చినా. ఇర్షాద్ జేబులోంచి కాయలు తీసింది నువ్వే గదా. అప్పుడెట్లుండె అవి?"

ఆమె సూది ఆగిపోయింది. ఆనాటి సంగతి కొడుకు ఇన్నేళ్లలో ఒక్కసారైనా ఎత్తలేదు. ఎత్తినందుకు ఆమెకు కోపం రాలేదు, ఊరట కలిగింది.

"ఎట్లుంటాయి? జేబంతా బురదే. కాయల మీద నూగుండె నాయనా, పురిటి బిడ్డ తల మీద ఉండే మాదిరి మెత్తగా. ఆ నూగు నిండా ఇసుక. అట్లనే నీకెట్ల ఇస్తా? ఒక్కొక్కటే తడిగుడ్డతో తుడిసినా. పోతేనా? గుడ్డ కొస ఏలికి చుట్టుకోని రుద్దినా. నలభై దినాలూ అదే నా పని. వానికి ఆఖరి స్నానం మొగోళ్లే చేయించిరి, నన్ను ముట్టుకోనీలేదు. ఇవన్నా నేను కడగద్దా? అద్దాల మాదిరి చేసి ఇచ్చినా నీకు."

నౌషాద్ కళ్లజోడు తీశాడు, పెట్టుకున్నాడు, మళ్లీ తీశాడు.

"ఏందీ? ఎందుకడిగినావ్?"

"ఊరికే మా."

"ఊరికే అడగనీకి నంద్యాల నుంచి వచ్చినావా? ఆ చెట్టుకేమన్నా అయిందా?"

చెప్పకూడదనే అనుకున్నాడు. కానీ తల్లి గడ్డం పట్టుకుని మొహం పైకెత్తేసరికి ఏడుపు ఆగలేదు. ఏడుపుతోపాటు మాటా బయటికి వచ్చేసింది.

"అది వేరే చెట్టు కాదు మా. గట్ల మీదుండే గిలిగిచ్చే. కాయకు నూగు లేదని నేనే వేరే అనుకుంటి. ఆ పేరింక ఉండదు."

మాబూబీ బడి మొహం చూసిన మనిషి కాదు. కానీ చిక్కుపడిన పోగు కొస ఎక్కడుందో వెతికి పట్టుకోవడం ఆమెకు చిన్నప్పటినుంచీ అలవాటు.

"నూగు లేదనే పేరు పెట్టినావా?"

"అవున్మా."

"అయితే వాని పేరు నేనే తుడిచేసినానా నాయనా?"

"లేదు మా. నువ్వు తుడిసినందుకే ఆ పేరు ఇన్నాళ్లు బతికింది."

అది నిజమే. శాస్త్రం ప్రకారం కూడా నిజమే. కానీ ఆ నిజం ఆమె చెవికి ఎక్కలేదు. దూదిలోనే పక్కకు ఒరిగి, గుండెలు బాదుకుంటూ ఏడ్చింది. ఆ ఏడుపు విని పక్కింటి జయలక్ష్మమ్మ చేతి పని వదిలేసి పరుగెత్తుకొచ్చింది.

"ఏమైంది మాబూబక్కా? ఏమైంది?"

"మా చిన్నోడు పోయినాడు జయలక్ష్మమ్మా" అంది మాబూబీ, కబురు అప్పుడే అందినట్టు.