ఉప్పు పేరిన రోజు

తెల్లవారేసరికి నౌపడ కొఠార్లలో, సముద్రపు నీళ్ళు కట్టిన మడుల్లో, ఉప్పు పేరింది.

తెల్లగా. కళ్ళు నొచ్చేంత తెల్లగా...

ఆ వేళకే ఉపేంద్ర ఊపిరి ఆగింది.

పార్టీవాళ్ళు ఇద్దరొచ్చి, అరుగు మీద పడుకోబెట్టి ఎర్రజెండా కప్పారు. భార్య అనూరాధ పక్కన కూర్చుంది. ఏడవలేదు. వాకిలి వైపు చూస్తోంది.

ఉపేంద్ర కుర్రతనంలో పాతపట్నం నుంచి వచ్చాడు. మడిగట్టు మీద నిలబడి మాట్లాడితే పారలు ఆగేవి. కూలి పెంచించాడు. తాగేనీళ్ళ కుళాయి తెచ్చాడు. ఉప్పు కూలీలు భుజాల మీద ఎత్తుకున్నారు, మండలాధ్యక్షుణ్ణి చేశారు.

తర్వాత — సమ్మె.

సరిగ్గా ఉప్పు పేరిన వేళ పారలు దింపించాడు. మబ్బును చూసి యజమాని దిగివస్తాడన్నాడు.

యజమాని దిగలేదు. వాన దిగింది.

మడుల్లో మళ్ళీ నీళ్ళే. ఆ ఏడు కూలీల ఇళ్ళలో పొయ్యిలు సరిగా వెలగలేదు.

మళ్ళీ నిలబడ్డాడు. ఓడాడు. మళ్ళీ నిలబడ్డాడు... డిపాజిట్టు కూడా దక్కలేదు. అయినా పొద్దున్నే గట్టు మీదికి వెళ్ళేవాడు.

పారలు ఆగేవి కావు.

మంచాన పడ్డాక ఒకటే అడిగేవాడు. "అనూ, నన్ను మొయ్యడానికి వాళ్ళొస్తారంటావా?"

ఆమె దుప్పటి సర్దేది. అతనితో అబద్ధమాడటం ఆమెకు ఎన్నడూ చేతకాలేదు.

వచ్చారు.

కూలీలంతా పారలు భుజాన వేసుకుని, మడుల్లోంచి తిన్నగా. అందరికన్నా ముందు తాతమ్మ — సమ్మె ఏట చెవికమ్మలు అమ్మి గింజలు కొనుక్కున్న మనిషి.

వాకిలి నిండింది. అప్పుడే గాలి మారింది. సముద్రం వైపు నల్లబడింది.

తాతమ్మ ఆకాశాన్ని చూసింది. అరుగు మీదికి చూసింది.

"ఏటి బావా! సచ్చిన రోజు కూడా వాననే ఎంటేసుకొచ్చినావా?"

ఎవరో నవ్వారు. నవ్వు సగంలో విరిగింది.

ఎవరూ కదల్లేదు. కళ్ళు మాత్రం మాటిమాటికీ మడుల వైపు పోతున్నాయి. ఇప్పుడు పాడె లేస్తే, కాటి నుంచి వచ్చేసరికి ఉప్పుండదు. ఇప్పుడు వీళ్ళు వెళ్తే — తిరిగొస్తారో, రారో.

ఇన్నాళ్ళూ అతను అడిగింది ఇదిగో, వాకిట్లో నిలబడి ఉంది.

అనూరాధ లేచింది.

"ఏటలా సూస్తన్నారు? ఎల్లండి. ముందు ఉప్పెత్తి తాటాకులు కప్పండి."

"మరి బావో?"

"ఆయన కరిగిపోడులే, తాతమ్మా."

తాతమ్మ పార తీసుకుని పరుగెత్తింది. వెనకే అందరూ...

వాకిలి ఖాళీ.

గాలి. ఇంకా గాలి. అరుగు అంచున మొదటి చినుకు.

దూరాన మడుల మీది తెలుపు, ఒక్కోచోటే చెరిగిపోతోంది. పారలు ఎత్తుతున్నాయో, వాన తీసుకుపోతోందో —

ఇక్కణ్ణించి తెలియదు.