జంటలో పిలిచే మనిషి

స్ట్రెచర్ జిమ్ తలుపులో ఇరుక్కుపోయింది.

రెండో రెక్క తెరుచుకోదు. పై గడియ తుప్పుపట్టి బిగుసుకుపోయింది. ఆంబులెన్సు మనుషులు స్ట్రెచర్‌ని అటు వాల్చి, ఇటు వాల్చి చూస్తున్నారు. దాని మీద బొంగరం అనే అమ్మాయి పడుకుని ఉంది. కుడికాలు మోకాలి కింద ఉండకూడని వైపుకి తిరిగిపోయింది. ఆ అమ్మాయి నాన్న కుర్చీ ఎక్కి గడియని సుత్తితో కొడుతున్నాడు. రెండు దెబ్బలు గడియకి తగిలితే మూడోది వేలికి తగిలింది.

"నెమ్మది నాన్నా. ఇంటికి ఒక ఎముక విరిగితే చాలు," అంది బొంగరం, పంటి బిగువున.

ఎవరో నవ్వారు. వెనక నిలబడ్డ జువ్వకి మాత్రం ఆ మాట చెంపదెబ్బలా తగిలింది.

గడియ ఊడింది. స్ట్రెచర్ వెళ్లిపోయింది.

ఈ అమ్మాయిలకి ఆ పేర్లు ఎవరు పెట్టారో ఎవరికీ గుర్తులేదు. ఒకతె నిట్టనిలువునా లేస్తుంది కాబట్టి జువ్వ. రెండోది గాల్లో గిరగిరా తిరుగుతుంది కాబట్టి బొంగరం. పాలపళ్లు ఊడని వయసు నుంచీ పక్కపక్క ట్రాంపొలిన్ల మీద జంటగా ఎగురుతున్నారు. ఇద్దరూ ఒకేసారి లేవాలి, ఒకేసారి పల్టీ కొట్టాలి, ఒకేసారి దిగాలి. తల తిప్పి చూసుకునే వ్యవధి ఉండదు. అందుకే ఒకరు పిలుస్తారు. ఊపు అందుకోవడానికి నిటారుగా కొన్ని గెంతులు వేశాక, పిలిచే మనిషి "హప్" అంటుంది. తర్వాతి గెంతు నుంచి పల్టీలు మొదలు. ఈ జంటలో పిలిచేది జువ్వ.

ఇవాళ సెలెక్షన్లు. జాతీయ జట్టులో ఒంటరి విభాగానికి ఒక్క సీటు మిగిలింది. దానికి పోటీ ఈ ఇద్దరే. "జంటగా ఎగిరేటప్పుడే ఇద్దరి ఎత్తూ చూస్తాం. ఎవరు ఎక్కువసేపు గాల్లో ఉంటే వాళ్లదే సీటు," అని కమిటీ పెద్దాయన పొద్దునే తేల్చేశాడు. ఒకే కంచంలో తినేవాళ్ల ముందు ఒక్క ముద్ద పెట్టినట్టు.

రెండో పల్టీకే బొంగరం దారి తప్పింది. చుట్టూ స్ప్రింగులతో లాగి కట్టిన బెడ్ గుడ్డ మీద దిగాల్సిన కాలు అంచునున్న ఆ స్ప్రింగుల మధ్య దిగింది.

"దొరికింది," అంటూ కోచ్ ట్రాంపొలిన్ కింద నుంచి పాకుతూ బయటికొచ్చాడు. చేతిలో ఊడిన స్ప్రింగు.

కమిటీ పెద్దాయన దాన్ని వెలుతురులో తిప్పి చూశాడు. "ఇది ముందే ఊడి ఉంటుంది. బెడ్ ఒక పక్కకి లాగేసి ఉంటుంది. ఇవి బిగించేదెవరు?"

జవాబు చెప్పాల్సిన జిమ్ మెకానిక్ ఆంబులెన్సులో కూతురి పక్కన కూర్చుని ఉన్నాడు.

జువ్వ నోరు తెరిచింది. స్ప్రింగు ముందు ఊడలేదు. కాలు దిగాకే నేల మీద ఠంగుమంది. కేకల్లో ఆ చప్పుడు ఇంకెవరికీ వినపడలేదు. చెప్దామనుకుంది. చెప్తే ఆ తర్వాతి ప్రశ్న తన మీదికే వస్తుంది. నోరు మూసుకుంది.

ఆస్పత్రి వరండాలో ప్లాస్టిక్ కుర్చీలు. బొంగరం నాన్న కాగితపు గ్లాసులో టీ తెచ్చి జువ్వ చేతిలో పెట్టాడు. ఆయన వేలికి గుడ్డ చుట్టి ఉంది.

"తాగమ్మా. పొద్దుట్నుంచీ నీ కడుపులో ఏమీ పడలేదు."

"నువ్వు తాగు బాబాయ్."

"నాకు గొంతు దిగదు." పక్కన కూలబడ్డాడు. "ప్రతి స్ప్రింగు కొక్కేన్నీ తగిలించాక చేత్తో లాగి చూస్తాను. నిద్రలో దుప్పటి కూడా అలాగే లాగుతానని మీ పిన్ని దెప్పుతుంది. కానీ ఆ మూల లాగానా లేదా అన్నది గుర్తు రావట్లేదు. బుర్ర బద్దలుకొట్టుకున్నా రావట్లేదు."

"లాగే ఉంటావు బాబాయ్."

"లాగితే ఎందుకు ఊడుతుందమ్మా?"

జువ్వ టీ గటగటా తాగేసింది. నాలుక కాలింది. కాలనీ అనుకుంది.

కోచ్ మెట్ల దగ్గర నుంచి సైగ చేశాడు. వెళ్లింది.

"పెద్దాయన వస్తున్నాడు. సీటు నీకే. నీ ఎత్తు చూసి నోరెళ్లబెట్టాడట," అన్నాడు గుసగుసగా.

"సార్, బొంగరం దిగిన చోటు మీరు చూశారా? నేను పిలవకముందు?"

కోచ్ వరండా వైపు ఓసారి చూశాడు. "నేను నీ కాళ్లనే చూస్తున్నా. జడ్జీలు మొదటి పల్టీ దాకా తలెత్తరు. వీడియోలో బొంగరానికి నువ్వే అడ్డం. కాబట్టి ఎవరూ ఏమీ చూడలేదు. నువ్వూ చూడలేదు."

"బాబాయ్ ఉద్యోగం?"

"ఎలాగూ మానేసే వయసే. కాళ్ల దగ్గరికొచ్చిన అదృష్టాన్ని తన్నకు."

ఆయన వెళ్లాక కూడా జువ్వ గోడని పట్టుకునే నిలబడింది.

చూసింది. పిలుపుకి ముందు ఆఖరి గెంతులో కంటి కొసకి కనపడింది. బొంగరం పాదాలు బెడ్ మధ్యనున్న ఎర్ర గుర్తు మీద కాదు, బాగా పక్కకి, స్ప్రింగుల వైపు దిగాయి. వాళ్లిద్దరి మధ్యా చిన్నప్పటి ఒప్పందం ఒకటుంది. ఎవరు గుర్తు తప్పినా పిలుపు ఉండదు. ఇంకొన్ని గెంతులు వేసి సర్దుకుంటారు. అందుకు టైమూ ఉంది. కానీ అలా బొంగరంతో పాటు ఊపు తగ్గించి సర్దుకుంటే అప్పటికి తను అందుకున్న ఎత్తు కరిగిపోతుంది. అంత ఎత్తు జువ్వ జన్మలో ఎగరలేదు.

"హప్" అంది.

పడాలని కోరుకోలేదు. కాస్త తడబడితే చాలనుకుంది. ఇప్పుడు ఆ రెంటికీ తేడా ఎంత వెతికినా దొరకడం లేదు.

"ఆపరేషన్‌కి తీసుకెళ్లేముందు మిమ్మల్ని చూడాలంటోంది," అని నర్సు పిలిచింది.

గదిలో బొంగరం మొహం సున్నం కొట్టినట్టుంది. "ఏంటా మొహం? విరిగింది నీ కాలా, నా కాలా?"

జువ్వ మంచం అంచున కూర్చుంది. "డాక్టరేమన్నాడు?"

"నడక గ్యారంటీ అట. ఎగరడం దేవుడి దయ అట." పైకప్పు వైపు చూసింది. "స్ప్రింగు సంగతి సార్ చెప్పాడు. ముందు నమ్మలేదు. మా నాన్న ఉప్పు వెయ్యడం మర్చిపోతాడేమో గానీ కొక్కెం మర్చిపోడు. నేనే గుర్తు తప్పి దిగానేమో అనుకున్నా. తర్వాత ఆలోచించా."

"ఏమని?"

"నువ్వు పిలిచావు కదా."

జువ్వ దుప్పటి అంచుని పట్టుకుంది.

"నేను గుర్తు తప్పి ఉంటే నువ్వు పిలవవు. ఇన్నేళ్లలో ఒక్కసారైనా పిలిచావా? పిలిచావంటే నేను సరిగ్గానే దిగాను. ఇంక మిగిలింది స్ప్రింగే." బొంగరం మొహం గోడవైపు తిప్పుకుంది. "మా నాన్నే. కన్నతండ్రే ఇలా చేస్తే ఇంకెవర్ని నమ్మాలి? ఆయన్ని లోపలికి రానివ్వకు. ఇవాళ్టికి ఆయన మొహం చూడలేను."

తలుపు అప్పటికే తెరిచి ఉంది. ఆయన గడపలోనే ఉన్నాడు, చేతిలో కూతురి చెప్పులతో. వెనక కోచ్, కమిటీ పెద్దాయన.

"సరేలేమ్మా," అని ఆయన వెనక్కి అడుగేశాడు.

పెద్దాయన దగ్గాడు. "ఇది సమయం కాదు, తెలుసు. కానీ పైవాళ్లు ఫోన్‌లో కాచుకుని ఉన్నారు. పొరపాటు మీదేనని ఒప్పుకుంటున్నారా?"

"నాదే. పిల్లల్నేం అడక్కండి. నాదే."

కోచ్ జువ్వ వైపు చూశాడు. ఊరుకో అన్నట్టు కనురెప్పలు వాల్చాడు. ఊరుకుంటే చాలు. ఇంకొక్క నిమిషం ఊరుకుంటే జీవితాంతం ఊరుకోవచ్చు.

"బాబాయ్ కాదు," అంది జువ్వ.

"షాక్‌లో ఉందండీ, పొద్దుట్నుంచీ ఏదేదో..." కోచ్ అందుకోబోయాడు.

"మీరాగండి సార్." జువ్వ ఆయన వైపు చూడలేదు. బొంగరం వైపే చూసింది. "నువ్వు గుర్తు తప్పావు. చాలా పక్కకి దిగావు. స్ప్రింగు నీ కాలు పడ్డాక ఊడింది."

"మరి నీకు కనపడలేదా?" అంది బొంగరం మెల్లగా, స్నేహితురాలికి తప్పించుకునే దారి చూపిస్తున్నట్టు.

ఆ దారిన పోవచ్చు. కనపడలేదంటే సరిపోతుంది.

"కనపడింది. చూసే పిలిచాను. నా ఎత్తు తగ్గుతుందని."

బొంగరం జువ్వ మీంచి చూపు మరల్చింది. తర్వాత తలుపు వైపు చెయ్యి చాపింది. "ఇలా రా నాన్నా."

ఆయన చేతిలోని చెప్పులు అక్కడే వదిలేసి వచ్చి, ఆ చెయ్యి పట్టుకున్నాడు. కళ్లు తుడుచుకోవడానికి ఖాళీ చెయ్యి లేనట్టు అలాగే ఉండిపోయాడు.

పెద్దాయన ఫోన్ చెవికి దూరంగా పెట్టి అడిగాడు. "పైవాళ్లకి తప్పు చేసిందెవరని చెప్పమంటారు?"

"చిన్నపిల్లలండీ, ఏదో క్షణంలో..." అని బొంగరం నాన్న మొదలుపెట్టాడు.

"నువ్వు మాట్లాడకు నాన్నా," అంది బొంగరం. "దాని నోటితోనే చెప్పనీ."

జువ్వ లేచి నిలబడింది.

"జువ్వ అని చెప్పండి," అంది. "బొంగరాన్ని పడేసింది నేనే."