రాళ్ళ గోడకి అవతల

మా మూడు ఊళ్ళకీ మధ్య ఖాళీ స్థలమనేది మిగల్లేదు. దక్షిణాన మా రేవు ఊరు, మధ్యలో హోటళ్ళ ఊరు, ఉత్తరాన నది సముద్రంలో కలిసేచోట మూడోది. ఒక ఊరి చివరి ఇంటి గోడని ఆనుకునే పక్క ఊరి మొదటి ఇల్లు మొదలవుతుంది. బస్సులో కునుకు తీసినవాడు కళ్ళు తెరిచి ఏ ఊళ్ళో ఉన్నాడో చెప్పలేడు. చెత్తబండి రంగు చూస్తే తప్ప ఊరు మారినట్టు తెలియదు.

ఎనిమిదో తరగతికి సముద్రం పాఠం నేనే చెబుతాను. మన తీరం వెంబడి నీరు దక్షిణం నుంచి ఉత్తరానికి పోతుందనీ, మన రేవులో జారిపోయిన కొయ్య పక్క ఊరి ఇసుక మీద తేలుతుందనీ బోర్డు మీద బాణం గీసి చూపిస్తాను.

తమ్ముడు రేవులో మెకానిక్కు. ఆ రోజు పొద్దున్నే, నీళ్ళలో తేలుతూ ఓడలకి దారి చూపించే బోయా మీద దీపం ఆరిపోయిందంటే బాగుచేయడానికి మరో ఇద్దరితో చిన్న పడవలో వెళ్ళాడు. పక్కనుంచి అల కొట్టి పడవ బోర్లాపడింది. ఆ ఇద్దరూ ఈది ఒడ్డుకొచ్చారు. వాడు రాలేదు. ఈ సంగతి హెడ్మాస్టరుగారు తరగతి గుమ్మంలో నిలబడి, పిల్లలకి వినబడకుండా నాకు చెప్పారు.

నేను వెళ్ళేసరికి మరదలు రేవులోనే ఉంది. ఇంట్లో తొడుక్కునే చెప్పులతోనే వచ్చేసింది.

"ఆయనకి ఈత బాగా వచ్చు వదినా," అంది నన్ను చూడగానే.

"వచ్చు," అన్నాను. నేర్పించింది నాన్న. నేను ఒడ్డున కూర్చుని ఇద్దరి బట్టలూ కాపలా కాసేదాన్ని.

రేవువాళ్ళ పడవ రాళ్ళ గోడదాకా వెళుతోంది, వెనక్కి తిరుగుతోంది, మళ్ళీ అక్కడిదాకా వెళుతోంది. అలలని ఆపడానికి సముద్రంలోకి కట్టిన ఆ గోడే మా ఊరి హద్దు.

"గోడ దాటి ఎందుకు వెళ్ళరు?" అని రేవు అధికారిని అడిగాను.

"అటువైపు వాళ్ళది మేడం. ఫోన్ చేసి చెప్పాం."

"బయల్దేరారా?"

"చూస్తామన్నారు."

నేను మరదలి చెయ్యి పట్టుకుని రోడ్డు మీదికి వచ్చి ఆటో ఎక్కాను.

మధ్య ఊరి ఆఫీసులో గోడమీద పెద్ద పటం ఉంది. వాళ్ళ ఊరు పసుపుపచ్చ రంగులో ఉంది. సందులు కూడా వదలకుండా గీశారు. ఆ పసుపుకి కిందా పైనా ఒట్టి తెల్లకాగితం. మా ఊరు ఉండాల్సిన చోట ఎవరో పెన్ను రాస్తుందో లేదో చూసుకున్న గీతలు ఉన్నాయి.

"మా పడవ మరమ్మతులో ఉంది మేడం," అన్నాడు గుమస్తా. "అదీగాక, ప్రమాదం జరిగింది మా పరిధిలో కాదు. జరిగిన చోటువాళ్ళే వెతకాలి."

"జరిగిన చోట వాడు లేడు. నీరు ఇటువైపు లాగుతుంది. ఈపాటికి మీ ఊరి ముందుకి వచ్చి ఉంటాడు."

"మీకెలా తెలుసు?"

"పిల్లలకి చెబుతాను."

అతను తల గోక్కున్నాడు. "అలాగైతే ఉత్తరాన పై ఊరువాళ్ళకి చెప్పి ఉంచండి. ఎలాగూ అక్కడికే చేరతాడు కదా."

వెటకారంగా అనలేదు. నిజంగా సలహా చెబుతున్నాననే అనుకున్నాడు.

"ఈయనేంటి వదినా, పార్సిల్ గురించి చెప్పినట్టు చెబుతున్నాడు?" అంది మరదలు, అతని మొహంలోకే చూస్తూ.

గుమస్తా తల దించుకున్నాడు. లేచి వచ్చి కిటికీలోంచి ఇసుక వైపు చూపించాడు. "ఆ నీలం పడవ దగ్గర దాన్ని నడిపే సరంగు ఉంటాడు. ఇంజను పడవ. అడిగి చూడండి. నేను పంపానని మాత్రం అనకండి."

సరంగు ముసలివాడు. ఇంజను మూత తీసి గుడ్డతో తుడుస్తున్నాడు. మేము చెప్పింది తల ఎత్తకుండానే విన్నాడు.

"పొద్దుట్నుంచీ చూస్తూనే ఉన్నా. మీ రేవు పడవకి ముక్కుతాడు ఎవరేశారో గానీ, గోడ దగ్గరికి రావడం, ఠక్కున ఆగిపోవడం."

గుడ్డ పక్కన పెట్టి నా వైపు తిరిగాడు. "టీచరమ్మా, ఒకటడుగుతాను, మరోలా అనుకోకండి. మనం వెతికేది మనిషినేనా?"

నేను సముద్రం వైపు చూశాను.

"మనిషైతే బయటి సముద్రంలోకి పోవాలి. ఏ చెక్కనో పట్టుకుని తేలుతుంటే గాలి సముద్రం లోపలికి తోసేస్తుంది. కాదంటారా, ఇవాళ పడవే అక్కర్లేదు. పై ఊళ్ళో మొగ దగ్గర, నది వచ్చి కలిసేచోట, కూర్చుని చూడటమే. అన్నీ అక్కడికే కొట్టుకొస్తాయి. రెండు చోట్లా తిరగడానికి నా దగ్గర నూనె లేదు. ఇంకా నూనె దొరికేసరికి చీకటి పడుతుంది."

చలికాలపు నీళ్ళు. పొద్దున్న పడ్డవాడు, ఇప్పుడు మధ్యాహ్నం దాటిపోయింది. ఒంట్లో వేడి ఎంతసేపు నిలుస్తుందో నాకు తెలుసు. మరదలు సరంగు వైపు చూడటం లేదు. నా నోటి వైపే చూస్తోంది.

"మనిషినే," అన్నాను.

అతను ఇంకేమీ అడక్కుండా పడవని నీళ్ళలోకి తోశాడు.

లోపలికి వెళ్ళాక వెనక్కి చూస్తే మూడు ఊళ్ళూ కలిసి ఒక్క తెల్లటి గీతలా ఉన్నాయి. మా బడి ఎటుందో పోల్చుకోలేకపోయాను. సరంగు కొంతదూరానికోసారి ఇంజను ఆపి, "పిలవండి," అనేవాడు. ఆపినప్పుడు పడవకి నీళ్ళు తగిలే చప్పుడు తప్ప ఏమీ లేదు.

"ఏమండీ," అని పిలిచింది మరదలు. "ఏమండీ."

"పేరు పెట్టి పిలు అమ్మాయ్. ఇంత సముద్రంలో ఏమండీ అంటే ఎవరని పలుకుతారు?" అన్నాడు సరంగు.

ఆమె నా వైపు చూసింది, నేనేమైనా అనుకుంటానేమోనని. తర్వాత పేరు పెట్టి పిలిచింది. ఆ పేరు ఆమె గొంతులో నేను ఎప్పుడూ వినలేదు. మొదట సన్నగా, తర్వాత అరుపులా, తర్వాత ఇంట్లో అన్నానికి రమ్మన్నట్టు పిలిచింది.

ఒకచోట నీలంగా ఏదో తేలుతోంది. తమ్ముడి చొక్కా నీలమే. మరదలు లేచి నిలబడితే పడవ ఒరిగింది. నేను ఆమె నడుము పట్టుకున్నాను. దగ్గరికెళితే ప్లాస్టిక్ డ్రమ్ము. సరంగు దాన్ని తెడ్డుతో పక్కకి నెట్టేదాకా ఆమె కూర్చోలేదు.

ఎండ పల్చబడింది. సరంగు నూనె ఉన్న డబ్బా ఎత్తి, ఊపి చూసి, కింద పెట్టాడు.

"ఇంకొంచెం లోపలికి బాబాయ్," అంది మరదలు. "అదిగో, ఆ నురగ దాకా."

"పోవచ్చు. పోతే మళ్ళీ మొగ దాకా పోలేం." ఈ మాట ఆమెతో అని, జవాబు కోసం నా వైపు చూశాడు.

నురగ వైపు చూశాను. అక్కడ నురగే ఉంది.

"తిప్పండి," అన్నాను.

"వదినా."

"తిప్పండి."

దారి పొడవునా ఆమె నాకు వీపు పెట్టి సముద్రం వైపే కూర్చుంది. పిలవడం మానలేదు. ఇంజను మోతలో పిలుపు వినబడటం లేదు. భుజాలు కదులుతుంటే తెలుస్తోంది.

మొగ దగ్గర ఇసుక నాలుకలా ముందుకి సాగి ఉంటుంది. సరంగు మమ్మల్ని దాని మీద దింపి, పడవ ఒడ్డుకి లాగి, కొంచెం ఎడంగా వెళ్ళి నిలబడ్డాడు.

"తిప్పమన్నది మీరు," అంది మరదలు.

"అవును."

"పొద్దున 'మనిషినే' అన్నదీ మీరే."

"అప్పుడు మధ్యాహ్నం," అనబోయి ఊరుకున్నాను. "అవును, నేనే," అన్నాను.

"అప్పుడు తెలియదా మీకు?"

"తెలుసు."

కొడుతుందేమో అనుకున్నాను. కొడితే బాగుండునని కూడా అనిపించింది. ఆమె నీళ్ళ వైపు తిరిగింది. నది నీళ్ళు మట్టిరంగులో వచ్చి, సముద్రం దగ్గర ఆగి, సుడి తిరిగి, మా కాళ్ళ పక్కనుంచి వెనక్కి పోతున్నాయి. చెత్త, ఆకులు, ఒక చెప్పు. ఆమె ఆ చెప్పుని చాలాసేపు చూసింది. అది ఆడవాళ్ళది.

చివరికి చీర కుచ్చెళ్ళు పిండుకుని, నా పక్కకి వచ్చింది.

"ఎక్కడ కూర్చుంటే మనకి ముందు కనబడతాడు వదినా?"

నీరు ఎటు తిరుగుతోందో మళ్ళీ చూశాను. ఇసుక కొసన, దక్షిణం వైపు ఒక చోటు చూపించాను. మేమిద్దరం అక్కడికి నడిచి, సముద్రానికి ఎదురుగా కూర్చున్నాం.